సబ్బు రాసిన కమాను

ఒక్క సబ్బు ముక్క మీద కోపంతో సినిమా కంపెనీని మొత్తం కాళ్ళ బేరానికి తెచ్చిన మొనగాడు ఈ భూమ్మీద ఒక్కడే ఉన్నాడు. ఆయన వయొలిన్ మీద కమాను ఆనించకుండానే హీరోయిన్ వెక్కి వెక్కి ఏడ్చి ఆయన కాళ్ళ మీద పడింది, లైట్లు వాటంతట అవే ఆరిపోయాయి, కెమెరా అద్దం మసకబారింది, డైరెక్టరు ఆ దెబ్బకు సన్యాసుల్లో కలిసిపోబోయి ఎవరో బతిమాలితే ఆగాడు. సబ్బులు అమ్మేవాళ్ళు ఆయన ఇంటి ముందు నుంచి బండి తోలుకుపోవడానికి ఇప్పటికీ జంకుతారు. నమ్మకపోతే ఆయన వీధి మొగలో ఉన్న సెలూన్‌కు వెళ్ళి వినండి. అక్కడ ఈ కథ కూడా జుట్టులాగే రోజూ కొంచెం పెరుగుతుంది. కాకపోతే దీన్ని కత్తిరించే నాథుడు లేడు.

సబ్బు సంగతి తర్వాత. ముందు కుర్చీ సంగతి చెప్పుకోవాలి.

ఆయనకు అమ్మానాన్నలు పెట్టిన పేరు ఒకటి ఉండే ఉంటుంది. పాటల రికార్డింగు హాల్లో మాత్రం ఆయన పేరు నాలుగో కుర్చీ. అక్కడ వయొలిన్ల వాళ్ళు మూడు వరసలుగా కూర్చునేవారు. ముందు వరస వాళ్ళకు మ్యూజిక్ డైరెక్టరు కళ్ళు కనిపిస్తాయి, మధ్య వరస వాళ్ళకు ఆయన చేతులు కనిపిస్తాయి, వెనక వరస వాళ్ళకు ముందున్న వాళ్ళ బట్టతలలు కనిపిస్తాయి. ఆ వెనక వరసలో గోడవారగా, ఏసీ గాలి సూటిగా చెవిలోకి కొట్టే చోట ఉన్నదే నాలుగో కుర్చీ. ఆయన వయసంతా ఆ కుర్చీలో నిటారుగా కూర్చునే గడిచింది. ఒరిగితే కమాను పక్కవాడి మోచేతికి తగులుతుంది. దగ్గితే టేకు పోతుంది. అందుకని దగ్గు వస్తే మింగేవాడు, తుమ్ము వస్తే పాట అయిపోయాక తుమ్మేవాడు. ఆయన దాచిపెట్టుకున్న తుమ్ములన్నీ ఒకేసారి వదిలితే ఆ హాలు కప్పు లేచిపోయేదని సెలూన్‌లో అంటారు. ఆ ఒక్క మాటా నిజమే అయి ఉండాలి.

ఆయన వయొలిన్ ముసలిది. మిగతా తీగలు చెప్పినట్టు వింటాయి గానీ మూడో తీగను బిగించే బిరడా మాత్రం వదులు. చలికి ఒకలా, వేడికి ఒకలా జారిపోయేది. ఎంతసేపూ దాని చెవి మెలేస్తూ ఉండాల్సిందే. "మీ తమ్ముడూ ఇదీ ఒకటే, ఎంత బిగించినా జారిపోతారు" అని ఆయన భార్యను ఉడికించేవాడు. "మా తమ్ముడు జారినా పైకే జారతాడు, మీ సంగతి చూసుకోండి" అనేది ఆవిడ.

ఆవిడ ముందు గదిలో కుట్టుమిషను పెట్టుకుని బడిపిల్లల యూనిఫాంలు కుట్టేది. మిషను పక్కన గూట్లో రేడియో. ఆయన వాయించిన పాట వచ్చినప్పుడల్లా అన్నం తినేవాడు చేత్తో ముద్ద అలాగే పట్టుకుని ముందు గదిలోకి వచ్చేవాడు. ఇప్పుడు విను, చరణానికి ముందు వయొలిన్లు ఒక్కసారి లేస్తాయి, అందులో నేనున్నాను అనేవాడు. ఆవిడ తొక్కుడు ఆపి, తల పక్కకు వంచి, శ్రద్ధగా వినేది. వయొలిన్లు లేచేవి, పడేవి, పాట అయిపోయేది.

"అందరూ వినపడ్డారు. ఇందులో మీరెవరు?"

"అందరిలో నేను."

"అందరిలో ఉంటే నేనెలా పట్టుకునేది? ఒక్కసారి తప్పు వాయించి ఉండాల్సింది, అప్పుడు తెలిసేది మీరేనని."

ఈ మాటకు ఆయన ముద్ద మింగలేక కక్కలేక లోపలికి వెళ్ళిపోయేవాడు. ఆవిడ వేళాకోళమే ఆడింది, కానీ అది ఆయనకు పంటి కింద రాయిలా ఉండిపోయింది. ఊళ్ళో ప్రతి ఇంట్లో ఆయన వాయించింది మోగుతోంది, ఆయన ఇంట్లో మాత్రం ఆయన ఎక్కడున్నాడో కట్టుకున్నదానికి కూడా తెలియదు. తప్పు వాయించడమా? తప్పు వాయిస్తే కుర్చీ పోతుంది. తప్పు లేకుండా వాయిస్తే మనిషే పోతాడు. ఇదెక్కడి న్యాయమో ఎవరైనా చెప్పండి.

తప్పు వాయించకుండానే చివరికి కుర్చీ కూడా పోయింది. మ్యూజిక్ డైరెక్టరు గారి అల్లుడు ఒక పెట్టె తెచ్చాడు. దాని మీద ఒక మీట నొక్కితే ఇరవై వయొలిన్లు ఒక్కసారి పలికాయి. గుర్రపు వెంట్రుక లేదు, చెమట లేదు, తుమ్ము లేదు. అల్లుడుగారు ఒక చేత్తో మీట నొక్కుతూ రెండో చేత్తో బిస్కెట్టు తింటున్నారు. నాలుగో కుర్చీ ఆ రోజు తలుపు దగ్గర నిలబడి విన్నాడు. చాలా బాగుందండీ అన్నారు అందరూ. ఎవరివో ఇరవై మంది చేతులు ఎప్పుడో ఎక్కడో పట్టి ఆ పెట్టెలో కుక్కారు కదా, ఆ ఇరవై మంది ఇప్పుడు ఇళ్ళల్లో ఏం చేస్తున్నారో అని ఆయనొక్కడే అనుకున్నాడు. మర్నాటికి హాల్లో కుర్చీలు ఒకదాని మీద ఒకటి దొంతరగా పేర్చి, వరండాలో పడేశారు.

అయినా ఆయన పొద్దున్నే తయారై, వయొలిన్ పెట్టె పట్టుకుని వెళ్ళడం మానలేదు. వరండాలో ఆ దొంతరలోంచి ఒక కుర్చీ లాక్కుని, పెట్టె ఒళ్ళో పెట్టుకుని, నిటారుగా కూర్చునేవాడు. ఎవరినీ పని అడగలేదు. అడగడమంటే వాళ్ళు చేసింది సబబేనని ఒప్పుకున్నట్టని ఆయన లెక్క. ఊరికే కూర్చుని వచ్చే పోయే వాళ్ళందరినీ తప్పు చేసినవాళ్ళను చూసినట్టు చూసేవాడు. ఆ చూపే ఆయనకు రెండో జీవితం తెచ్చిపెట్టింది.

ఆయన బావమరిది, అంటే పైకి జారే ఆ తమ్ముడే, సినిమాల్లో గుంపులు సప్లై చేసే పని చేసేవాడు. సంత కావాలంటే సంత, ఊరేగింపు కావాలంటే ఊరేగింపు, కోర్టులో వెనక బెంచీల మీద కూర్చునే జనం కావాలంటే వాళ్ళు. అందుకే అతన్ని గుంపు మేస్త్రి అనేవారు. ఒకరోజు అతను పరిగెత్తుకుంటూ వచ్చాడు.

"బావా, నీ అదృష్టం పండింది. జడ్జీ వేషం. నువ్వు వరండాలో కూర్చోవడం చూసి ఒకాయన తెగ ముచ్చటపడ్డాడు."

"నాకు నటించడం రాదు."

"నటించమని ఎవడడిగాడు? కూర్చోవాలి, అంతే. అది నీకు పుట్టుకతో వచ్చిన విద్య."

అలా నాలుగో కుర్చీ వెళ్ళి జడ్జీ కుర్చీలో కూర్చున్నాడు. కూర్చుని, ముద్దాయినీ హీరోనూ ఒకేలా, అల్లుడుగారి పెట్టెను చూసినట్టు చూశాడు. ఆ చూపుకు ముద్దాయి వేషగాడికి నిజంగానే చెమట పట్టిందంటారు. ఇక అక్కణ్ణించి ఆయన లేవలేదు. జడ్జీ, పెద్ద డాక్టరు, బ్యాంకు మేనేజరు, కూతుర్ని ఇవ్వనని పట్టుబట్టే కోటీశ్వరుడు, ఏ వేషమైనా కుర్చీ ఉంటే చాలు, ఆయనకే. వీధిలో జడ్జిగారూ అని పిలవడం మొదలుపెట్టారు. కూరగాయల ఆవిడ తన మొగుడి మీద ఫిర్యాదు చెప్పుకుని తీర్పు అడిగింది. సెలూన్‌లో ఆయన వస్తే వంతు లేకుండా కుర్చీ ఖాళీ చేసేవారు.

ఆయన మాత్రం లోలోపల ఉడికిపోతూనే ఉండేవాడు. ఎడమ దవడ కింద ఆయన మెడ మీద ఒక మచ్చ ఉంది. వయొలిన్ ఆనించీ ఆనించీ చర్మం నల్లగా గట్టిపడి పడిన మచ్చ. ప్రతి షూటింగులోనూ మేకప్ ఆయన ముందుగా చేసే పని దాని మీద రంగు పూయడం. జడ్జీకి మచ్చేమిటి సార్ అని నవ్వేవాడు. వాయించినన్నాళ్ళూ ఆయన ముఖం ఎవరికీ అక్కర్లేకపోయింది. ఇప్పుడు ముఖం కావాలట, వాయించిన గుర్తు మాత్రం దాని మీద ఉండకూడదట. ఆ మాట ఆయన మేకప్ అద్దంలో తనకు తానే చాలాసార్లు చెప్పుకున్నాడు, పెదవులు కదలకుండా. పెదవులు కదిలితే రంగు పగులుతుంది.

ఇలా ఉండగా గడ్డం డైరెక్టరు సినిమా వచ్చింది. అతనికి అదే మొదటి సినిమా. బాగా చదివినవాడు, మెత్తగా మాట్లాడతాడు, అందర్నీ సార్ అంటాడు. కథలో హీరోయిన్ తండ్రి వయొలిన్ వాయించేవాడు. ఏ గొడవ వచ్చినా నోరు విప్పడు, వయొలిన్ తీసి వాయిస్తాడు. ఎన్నో ఏళ్ళకు తిరిగివచ్చిన కూతురు ఆయన్ను నిలబెట్టి కడిగేస్తుంటే కూడా అదే పని. గుంపు మేస్త్రి ఈ వార్త తెచ్చిన రోజున నాలుగో కుర్చీ ఇంట్లో అటూ ఇటూ తిరిగి, చివరికి మిషను దగ్గర నిలబడ్డాడు.

భార్య సూదిలో దారం ఎక్కిస్తూ, తల ఎత్తకుండానే అడిగింది. "ఎంతమంది వాయిస్తారు?"

"ఒక్కణ్ణే."

"పక్కన ఎవరూ ఉండరా? వెనకాల?"

"ఎవరూ ఉండరు. గదిలో నేనూ కూతురూ, అంతే."

ఆవిడ దారం వదిలేసి ఆయన వంక చూసింది. "అయితే ఈసారి పట్టుకుంటాను" అంది.

ఆ మాట కోసం ఆయన ఏం చేశాడో చెప్తే నమ్మరు. ఊళ్ళో కమానుకు వెంట్రుకలు మార్చడం తెలిసిన ముసలాయన ఒక్కడే మిగిలి ఉంటే, ఆయన్ను ఇంటికి వెళ్ళి మరీ పట్టుకుని కొత్త గుర్రపు వెంట్రుకలు కట్టించాడు. గుగ్గిలపు బిళ్ళతో రోజూ రుద్దాడు. గుగ్గిలం పడితేనే వెంట్రుక తీగను పట్టుకుంటుంది, పట్టుకుంటేనే పలుకుతుంది. పెళ్ళాం వినకుండా ఉండాలని మేడ మీద నీళ్ళ ట్యాంకు చాటున నిలబడి ఒక చిన్న రాగం కట్టుకున్నాడు. అది విని పావురాలు గుడ్లు పెట్టడం మానేశాయని సెలూన్ వాళ్ళు అంటే, కాదు రెట్టింపు పెట్టాయని పక్కింటివాళ్ళు అంటారు. ఎవరేమన్నా మూడో తీగ మాత్రం మధ్య మధ్య జారుతూనే ఉంది. ఈసారి దాన్ని కూడా తిట్టకుండా బుజ్జగించి బిగించాడు.

వయొలిన్ సీను తీసింది షూటింగు రెండో రోజున, ఒక పాత గోడౌన్‌లో. లోపల చెక్కతో ఇల్లు కట్టారు. మూడే గోడలు, నాలుగో గోడ ఉండాల్సిన చోట కెమెరా. కిటికీ ఉంది, కిటికీ బయట ఎండ కూడా ఉంది, ఆ ఎండకు వైరు ఉంది. షూటింగు సామాన్లు చూసే ఆయన ఎదురొచ్చి, కంపెనీ వయొలిన్ చేతిలో పెట్టాడు. కొత్త చెప్పులా మెరుస్తోంది. తీగల్ని పైకెత్తి ఉంచే చెక్కను వెనక్కి తిప్పి అంటించారు. బిరడాలు తిరగవు, అవి పెయింటు. నాలుగో కుర్చీ దాన్ని తిరిగి ఆయన చేతిలోనే పెట్టి, తన పెట్టె తెరిచాడు. నాది నేను తెచ్చుకున్నాను అన్నాడు. డైరెక్టరు సంతోషించాడు. చాలా మంచిది సార్, చెయ్యి సహజంగా ఉంటుంది అన్నాడు.

చెయ్యి అన్న మాట దగ్గరే ఆయనకు అనుమానం తగిలింది. ఏ రాగం వాయించమంటారు అని అడిగాడు. డైరెక్టరు కాస్త ఇబ్బందిపడి అసలు సంగతి చెప్పాడు. సంగీతం ముందే అయిపోయిందట. ఎవరు చేశారట? ఇంకెవరు, అల్లుడుగారే, పెట్టె మీదే. ఆయన చెయ్యి ఆడిస్తే చాలట, తర్వాత ఆ సంగీతం పైన అంటిస్తారట. ఎందుకంటే ఈ సినిమాలో మాటలన్నీ సెట్టులోనే రికార్డు చేస్తున్నారు, తర్వాత స్టూడియోలో మళ్ళీ చెప్పించడం లేదు. హీరోయిన్ మాట్లాడుతుంటే కింద వయొలిన్ మోగిందంటే, ఆ మోగింది ఆమె గొంతుతో కలిసిపోతుంది. ఇక ఎవరు విడదీయాలన్నా విడదీయలేరు. కాబట్టి చప్పుడు రాకూడదు.

"నేనిక్కడ ఉన్నాను, వయొలిన్ ఇక్కడ ఉంది, మైకు అదిగో అక్కడ ఉంది. వాయించేది మాత్రం ఎక్కడో కూర్చున్న పెట్టె. ఇంతేనా?"

అంతే సార్ అన్నాడు డైరెక్టరు, పాపం, మెత్తగానే.

గుంపు మేస్త్రి బావ మోచెయ్యి పట్టుకుని స్తంభం చాటుకు లాక్కుపోయాడు. బావా నా పరువు తీయకు, వీళ్ళ తర్వాతి సినిమాకు నేను ఒక యుద్ధం మొత్తం సప్లై చేయాలి, రెండు వైపులా జనం నా వాళ్ళే అని ప్రాధేయపడ్డాడు. నాలుగో కుర్చీ మోచెయ్యి విడిపించుకున్నాడు. మనసులో అప్పటికే నిర్ణయం అయిపోయింది. వెంట్రుకవాసి చప్పుడుతోనైనా వాయిస్తాను, తుడిచేసుకుంటే తుడిచేసుకోనీ, తుడవలేకపోతే ఇంకా మంచిది అనుకున్నాడు. వయొలిన్నూ కమానునూ అక్కడే బల్ల మీద పెట్టి మేకప్‌కు వెళ్ళాడు.

మేకప్ ఆయన అలవాటుగా దవడ కింద మచ్చ మీదికి కుంచె తెచ్చాడు. నాలుగో కుర్చీ ఆ చెయ్యి పట్టుకున్నాడు.

"దీన్నొదిలెయ్. ఈ ఇంట్లో నిజమైంది ఇదొక్కటే."

"నిన్నటి సీన్లో లేదు సార్" అన్నాడు మేకప్ ఆయన. "ఇవాళ ఉంటే జనం నవ్వుతారు." అని పూసేశాడు. వయొలిన్ వాయించే మనిషి మెడ మీద వయొలిన్ మచ్చ ఉంటే జనం నవ్వుతారట. ఇంతకంటే ఏం వినాలి.

తిరిగివచ్చి, నిలబడి, వయొలిన్ భుజం మీద ఆనించి, రిహార్సల్‌కని కమాను లాగాడు. చప్పుడు లేదు. మళ్ళీ లాగాడు. పాచి పట్టిన మెట్ల మీద కాలులా జారిపోయింది. వెంట్రుకల్ని ముక్కు దగ్గర పెట్టుకున్నాడు. స్నానాల గది వాసన వేసింది.

సామాన్లు చూసే ఆయన నవ్వుమొహంతో ముందుకొచ్చాడు. "నేనే సార్. సెట్టులో కమాను అంటే సబ్బు రాయాల్సిందే, లేకపోతే కీచుమంటాయి. మీది కొత్త వెంట్రుకలు కదా, అందుకని రెండు కోటింగులు ఇచ్చాను."

అతని తప్పు కూడా కాదు. ఆ ఉద్యోగంలో చేరినప్పటి నుంచీ అతని చేతికి వచ్చిన ప్రతి కమానూ వాయించడం రాని నటుడి కోసమే వచ్చింది. రాసిన ప్రతిసారీ సౌండ్ ఇంజనీరు భుజం తట్టాడు. వాయించేవాడు నటించడానికి వస్తాడని అతనెలా ఊహిస్తాడు? కానీ గుర్రపు వెంట్రుకకు ఒకసారి సబ్బు పట్టిందంటే ఇక అది వయొలిన్‌కు పనికిరాదు, మళ్ళీ గుర్రం దగ్గరికి వెళ్ళాల్సిందే.

సెలూన్‌లో చెప్పే కథలో ఇక్కడ నాలుగో కుర్చీ సింహంలా గర్జిస్తాడు. నిజానికి ఆయన గొంతు పెంచలేదు. పెంచడం ఆయనకు అలవాటు లేదు, టేకు పోతుంది. డైరెక్టరు వైపు తిరిగి, చల్లగా అడిగాడు.

"మనిషి నోట్లో గుడ్డ కుక్కి పాట పాడమంటారా మీరు?"

డైరెక్టరు దగ్గరికొచ్చి, నిజంగానే బాధపడుతూ, క్షమించండి సార్, కొత్త కమాను కొనిస్తాం అన్నాడు. కొనండి, చెయ్యి కూడా కొనండి, అదీ ఎక్కడైనా పెట్టెలో దొరుకుతుంది అన్నాడు నాలుగో కుర్చీ. అని, సెట్టులో ఉన్న కుర్చీలో నిటారుగా కూర్చుని, కమానును మోకాళ్ళ మీద అడ్డంగా పెట్టుకున్నాడు. గుంపు మేస్త్రి పరిగెత్తుకొచ్చాడు.

"బావా, లే. అందరూ చూస్తున్నారు."

"లేవను. కూర్చోవడం నాకు పుట్టుకతో వచ్చిన విద్య అన్నావుగా."

ఇంత గొడవలోనూ హీరోయిన్ ఒక మూల స్టూలు మీద కాగితాలు పట్టుకుని కూర్చుని ఉంది. పొద్దుటి నుంచీ ఆమెకూ తలవంపులే. ఆ పెద్ద డైలాగు ఎంతకీ కుదరడం లేదు. తడబడటం, డైరెక్టరు మళ్ళీ చేద్దాం అనడం, మళ్ళీ తడబడటం. ఈ పిల్ల వల్ల కాదని లైట్ల వాళ్ళు గొణుక్కోవడం ఆమె చెవిన కూడా పడింది. ఆమె లేచి వచ్చి నాలుగో కుర్చీ ముందు నేల మీదే కూర్చుంది. కాళ్ళ మీద పడిందని సెలూన్‌లో చెప్పేది దీన్నే.

"నేను పొద్దుటి నుంచి ఎందుకు తడబడుతున్నానో ఇప్పుడు తెలిసింది సార్" అంది. "నా డైలాగు, ఆ వాయించడం ఆపి ఒక్క మాట మాట్లాడు నాన్నా అని. మీకు బదులు నిలబెట్టినాయన పొద్దుటి నుంచి గాలిలో చెయ్యి ఊపుతున్నాడు. వినపడనిదాన్ని ఆపమని ఎలా అడగను? ఎవరి మీద కోప్పడను?"

ఆ గోడౌన్‌లో ఆయన కోపం అర్థమైన మనిషి అప్పటికి ఆమె ఒక్కతే. ఆయన లేచాడు. గుంపు మేస్త్రి ఊపిరి పీల్చుకున్నాడు. పాపం, తొందరపడ్డాడు.

లైట్లు వెలిగాయి. మంట దగ్గర కూర్చున్నట్టుంది వేడి. పొడుగు కర్రకు కట్టిన మైకు ఇద్దరి తలల మీదికీ వంగింది. డైరెక్టరు మెల్లిగా యాక్షన్ అన్నాడు. నాలుగో కుర్చీ వయొలిన్ ఆనించి, కమాను ఎత్తి, దాన్నొకసారి చూసి, పక్కనున్న బల్ల మీద పెట్టేశాడు. వయొలిన్‌ను భుజం మీద నుంచి దించి, పొట్టకు ఆనించుకుని, వేళ్ళతో తీగలు మీటాడు.

నీళ్ళ ట్యాంకు చాటున కట్టుకున్న రాగమే అది. కమానుతో పొడుగ్గా సాగాల్సింది వేళ్ళ కింద చుక్కలు చుక్కలుగా వచ్చింది, చూరు నుంచి వాన కారినట్టు. సౌండ్ ఇంజనీరు చెవులకు పెట్టుకున్నవి లాగి, చెయ్యెత్తి ఊపాడు. డైరెక్టరు అటు చూశాడు, ఇటు హీరోయిన్‌ను చూశాడు, కట్ అనడానికి నోరు తెరిచి, అలాగే ఉంచేశాడు. ఎందుకంటే ఆమె మొదలుపెట్టింది. ఒక్క మాట తడబడలేదు. తండ్రి మీటుతున్న కొద్దీ ఆమె గొంతు పెరిగింది. ఆపు అంది. ఆయన ఆపలేదు. అల్లుడుగారిని తలుచుకున్నాడో, దొంతరగా పేర్చిన కుర్చీలను తలుచుకున్నాడో, ఇంకా గట్టిగా మీటాడు. వేడికి మూడో తీగ జారడం మొదలైంది. వేలి కింద తెలుస్తూనే ఉంది, బిగించడానికి చెయ్యి ఖాళీ లేదు. ఒక్క మాట మాట్లాడు నాన్నా అని ఆమె చివరిసారి అన్నప్పుడు తీగల మీద అరచెయ్యి పరిచి, మూసేసి, ఆ చూపు చూశాడు. జడ్జీ చూపు.

చాలాసేపటికి గానీ కట్ వినపడలేదు.

ఇక చూడండి గోల. సౌండ్ ఇంజనీరు తల పట్టుకున్నాడు. గొంతులో వయొలిన్ కలిసిపోయింది, ఇది తీస్తే అది పోతుంది, అది ఉంచితే ఇది ఉంటుంది, మళ్ళీ చేయాల్సిందే అన్నాడు. చేశారు. నాలుగో కుర్చీ తీగలు ముట్టకుండా, బుద్ధిమంతుడిలా, సబ్బు కమానుతో గాలిలో ఈదాడు. హీరోయిన్ మొదటి వాక్యంలోనే తడబడింది. ఇంకోసారి చేశారు, ఇంకా ఘోరం. డైరెక్టరు బయటికి వెళ్ళి ఒక టీ తాగి వచ్చి, మీటిన టేకే ఉంచుతున్నానని చెప్పాడు. అల్లుడుగారు ఫోనులో అరిచిన అరుపులు గుంపు మేస్త్రికి కూడా వినపడ్డాయట. అతనికి యుద్ధం సప్లై చేసే బేరం పోలేదు గానీ, శత్రుపక్షం వేరేవాళ్ళకు ఇచ్చేశారు.

సినిమా వచ్చాక నాలుగో కుర్చీ భార్యతో మధ్యాహ్నం ఆటకు వెళ్ళాడు. అంతకు ముందు జరిగిందేదీ ఆవిడకు చెప్పలేదు. పేర్లు పడ్డాయి. సంగీతం అల్లుడుగారు. నటించినవాళ్ళ దగ్గర తండ్రిగా ఈయన పేరు, అదీ స్పెల్లింగు తప్పుతో. వయొలిన్ దగ్గర ఎవరి పేరూ లేదు. ఆయన కుర్చీ చేతులు గట్టిగా పట్టుకున్నాడు. సినిమాలో అక్కడక్కడా పెట్టె వయొలిన్లు ఇరవై ఇరవై చొప్పున వచ్చి పోయాయి. ఆవిడ ప్రతిసారీ తల పక్కకు వంచింది, ప్రతిసారీ కాదన్నట్టు మళ్ళీ నిటారుగా పెట్టుకుంది.

ఆ సీను వచ్చింది. కూతురు కడిగేస్తోంది. కింద చుక్కలు చుక్కలుగా తీగలు. ఆవిడ తల వంచింది. కొంతసేపటికి ఒక చుక్క, పడాల్సిన చోటికి వెంట్రుకవాసి కిందుగా పడింది. ఆవిడ ఆయన మోచేతిని గట్టిగా గిల్లి, హాలంతా వినపడేలా అంది.

"ఇదిగో, ఇది మీరే."

ముందు వరసలో ఎవరో ఉష్ అన్నారు. "ఎలా తెలిసింది?" అన్నాడు ఆయన, గొంతు తగ్గించి.

"మూడో తీగ. మా తమ్ముడు."

ఆవిడ ఆయన్ను పట్టుకుంది, నిజమే. ఇన్నాళ్ళకు పట్టుకుంది. కానీ కొత్త వెంట్రుకలు కట్టించి, గుగ్గిలం రుద్ది, పావురాల మధ్య నిలబడి సాధన చేసిందంతా సబ్బు పాలై, చివరికి ఒక జారిన బిరడా పట్టిచ్చింది. దానికి కోప్పడాలో ఏం చేయాలో ఆయనకు ఇప్పటికీ తెలియదు. కోపమే అలవాటు కాబట్టి కోపంగానే ఉంటాడు. సబ్బు కమాను మాత్రం గోడకు తగిలించి ఉంచాడు. ఆవిడ దుమ్ము దులిపినప్పుడల్లా, తడిపితే చాలు, నురగొస్తుంది అంటుంది.

సెలూన్‌లో కథ మాత్రం ఎవరి మాటా వినకుండా పెరుగుతూనే ఉంది. మొన్న ఆయన ముఖం నిండా నురగ పూసి, కత్తికి పదును పెడుతూ, సెలూన్ ఆయనే ఎవరో కొత్త మనిషికి మొత్తం చెప్పాడు. కంపెనీ కాళ్ళ బేరానికి రావడం, లైట్లు ఆరిపోవడం, హీరోయిన్ కాళ్ళ మీద పడటం, సబ్బుల వాళ్ళు వణకడం. కొత్త మనిషి నోరు తెరుచుకుని, కుర్చీలో నిటారుగా ఉన్నాయన వంక అద్దంలో చూసి, నిజమేనా సార్ అన్నాడు. గడ్డం గీయడం పూర్తయ్యేదాకా ఆయన కదల్లేదు. తువ్వాలుతో దవడ కింద మచ్చ దాకా తుడుచుకుని, లేచి, జవాబు చెప్పాడు.

"ఎవరూ కాళ్ళ బేరానికి రాలేదు. లైట్లు ఆరలేదు. కమాను పలకలేదు, వేళ్ళతో మీటాను. అందులోనూ మూడో తీగ శ్రుతి తగ్గింది."